కలలో ఉన్నామని కలలోనే తెలియజేసే పట్టీ: నా కథకి సాయం చేయండి

తెన్నేటి_తీరం | శనివారం, రాత్రి 9:40

అందరికీ నమస్తే. మాది ఎంవీపీ కాలనీ. ఒక సైన్స్ ఫిక్షన్ కథ రాస్తున్నాను. కథ జరిగేది ఓ పదిహేనేళ్ల తర్వాత, మన విశాఖలోనే. ఒక కుర్రాడు వాళ్లమ్మ కోసం నుదుటికి కట్టుకునే పట్టీ తయారు చేస్తాడు. దానికి 'కలపట్టీ' అని పేరు పెట్టాను. అది కట్టుకుని పడుకుంటే కల మధ్యలో 'ఇది కల' అని ఎరుక వస్తుంది. ఇంగ్లీషులో లూసిడ్ డ్రీమ్ అంటారే, అది.

ఆ అమ్మకి హుద్‌హుద్ తుఫాను పీడకల. అక్టోబరు వస్తే చాలు, వారానికి రెండు మూడుసార్లు వస్తుంది. 2014 అక్టోబరు 12 ఆదివారం ఇక్కడ ఉన్నవాళ్లకి చెప్పక్కర్లేదు. పొద్దుటి నుంచీ ఊరిని చావగొట్టిన గాలి మధ్యాహ్నం ఒక్కసారిగా ఆగిపోయింది. తుఫాను కన్ను, అంటే మధ్యలో గాలి లేని చోటు, మన మీదుగా పోతోందని తెలియక చాలామంది బయటికి వచ్చేశారు. ఆమె కల ఎప్పుడూ అక్కడే మొదలవుతుంది. గాలి ఉండదు. పిల్లాడు కింద రోడ్డు మీద, పడిపోయిన చెట్టు కొమ్మల మధ్య ఉంటాడు. పైనుంచి పిలుస్తుంది, గొంతు పెగలదు. ఇంతలో ఎదురు దిక్కు నుంచి గాలి లేస్తుంది. అరుస్తూ లేచి కూర్చుంటుంది.

నాకు మూడు విషయాలు కావాలి. కల వస్తోందని పట్టీకి ఎలా తెలుస్తుంది? నిద్ర చెడకుండా ఆమెకి కబురు ఎలా అందిస్తుంది? కల అని తెలిశాక ఆమె ఏం చేయాలి? మొదటి రెండూ టెక్నికల్, ఎవరైనా చెప్పగలరు. మూడోదే తేలడం లేదు. ఆమె చెయ్యెత్తగానే గాలి ఆగిపోయినట్టు ఒకసారి రాశాను. చదువుకుంటే నాకే మనసొప్పలేదు.

బ్రెడ్‌బోర్డ్ | శనివారం, రాత్రి 10:15

అక్కా, మొదటి ప్రశ్న నాది. ఈసీఈ ఫైనల్ ఇయర్ చదువుతున్నాను, దాదాపు ఇలాంటిదే ఒకటి నేను కట్టి చూశాను.

కలలు గట్టిగా వచ్చే నిద్రని రెమ్ నిద్ర అంటారు. 1953లో షికాగోలో అసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ అనే ఇద్దరు దాన్ని బయటపెట్టారు. ఆ దశలో రెప్పల కింద కళ్లు చకచకా కదులుతాయి, ఒళ్లు మాత్రం పూర్తిగా వదిలేసినట్టు ఉంటుంది. మన కంటిగుడ్డు ఒక బుల్లి బ్యాటరీ అనుకోండి. ముందు వైపు ప్లస్, వెనక వైపు మైనస్. కన్ను పక్కకి తిరిగితే ఆ బ్యాటరీ కూడా తిరుగుతుంది కాబట్టి, కణతల దగ్గర రెండు ఎలక్ట్రోడ్లు అంటిస్తే ఆ తేడా వోల్టేజీలా దొరుకుతుంది. దాన్నే ఈఓజీ అంటారు. మీ కలపట్టీలో రెండు కణతల దగ్గర రెండు, నుదుటి మీద మెదడు తరంగాలకి ఒకటి, చెవి వెనక ఒకటి ఉంటే కథకి సరిపోతుంది.

ఇంకో ముచ్చట కూడా కథలో వాడుకోవచ్చు. ఒళ్లంతా కదలకపోయినా కళ్లు కదులుతాయి కదా! అందుకని కలలో ఉన్న మనిషి మనకి కబురు పంపగలడు. 1975 ఏప్రిల్‌లో ఇంగ్లాండులో కీత్ హెర్న్ ఇదే చేయించాడు. అలన్ వర్స్‌లీ అనే ఆయన నిద్రలోనే, ముందుగా అనుకున్న ప్రకారం కళ్లని ఎడమకీ కుడికీ తిప్పాడు. కాగితం మీద గీతలు పడ్డాయి. తర్వాత అమెరికాలో స్టాన్‌ఫర్డ్‌లో స్టీఫెన్ లాబెర్జ్ విడిగా ఇదే చేసి 1981లో ప్రచురించాడు. అంటే మీ కథలో కొడుకు పక్క గదిలో ల్యాప్‌టాప్ ముందు కూర్చుంటే, వాళ్లమ్మ కలలోంచి పంపే ఎడమ కుడి ఎడమ కుడి తెర మీద చూడగలడు.

నా అనుభవంలో అసలు శత్రువు చెమట. ఏప్రిల్ నెల, రాత్రి రెండున్నరకి కరెంటు పోయింది. ఫ్యాను ఆగిన పది నిమిషాలకే గీత మొత్తం అలలా పైకీ కిందికీ ఊగడం మొదలైంది. రెమ్ వచ్చిందేమోనని సంబరపడ్డాను. తీరా చూస్తే నుదుటి మీద ఎలక్ట్రోడ్ చెమటకి జారి కనుబొమ మీదికి వచ్చేసింది. విశాఖ ఉక్కలో కథ నడిపిస్తూ ఈ సంగతి రాయకపోతే ఎవరూ నమ్మరు.

నిద్ర_డ్యూటీ | శనివారం, రాత్రి 11:50

తమ్ముడు చెప్పిన చెమట సంగతి నూటికి నూరు పాళ్లు నిజం. నేను స్లీప్ ల్యాబ్‌లో టెక్నీషియన్‌ని. పేషెంట్ నుదురు తడిస్తే మేం మొదట చేసే పని గది చల్లబరచడమే. ఇప్పుడు కూడా డ్యూటీలోనే ఉన్నాను, మధ్య మధ్యలో రాస్తాను.

కథ కోసం కొన్ని సంగతులు. పెద్దవాళ్ల నిద్రలో రెమ్ ఐదో వంతు నుంచి నాలుగో వంతు దాకా ఉంటుంది. పడుకున్న గంటన్నరకి మొదటిది వస్తుంది, అది చాలా చిన్నది. తెల్లవారే కొద్దీ పెద్దదవుతుంది. కాబట్టి మీ పట్టీ రాత్రి పదకొండుకే పని మొదలుపెట్టేయకూడదు. నాలుగింటి దాకా ఊరుకోవాలి. చేపల రేవులో లైట్లు వెలిగే వేళకి అది మేలుకోవాలి.

రెండో ప్రశ్న, కబురు అందించడం. పాత పరికరాల్లో ఎర్ర లైటు వాడేవాళ్లు, ఎందుకంటే మూసిన రెప్పల్లోంచి ఎరుపే బాగా లోపలికి వెళ్తుంది. లాబెర్జ్ బృందం తెచ్చిన నోవాడ్రీమర్ కళ్లగంత అలాంటిదే. ఇందులో ఒక చిక్కు ఉంది. కలలోకి వెళ్లిన వెలుతురు వెలుతురులా ఉండదు, వేషం మార్చేస్తుంది. దీపావళి బాణసంచా కావచ్చు, అంబులెన్సు మీద తిరిగే లైటు కావచ్చు. కల దాన్ని తనలో కలిపేసుకుంటుంది, మనిషికి అనుమానమే రాదు.

అందుకని ఈమధ్య పరిశోధకులు ఇంకో దారి పట్టారు. పడుకోబోయే ముందు ఒక చప్పుడు వినిపిస్తూ, అది విన్నప్పుడల్లా 'నేనిప్పుడు మెలకువగా ఉన్నానా, కలలో ఉన్నానా?' అని అడుక్కోవడం అలవాటు చేయిస్తారు. తర్వాత రెమ్ రాగానే అదే చప్పుడు చాలా మెల్లగా వినిపిస్తారు. అమెరికాలో నార్త్‌వెస్టర్న్ యూనివర్సిటీలో కెన్ పాలర్ ల్యాబ్ ఈ పద్ధతి మీద బాగా పనిచేసింది. 2021లో వాళ్లూ, ఫ్రాన్స్, జర్మనీ, నెదర్లాండ్స్ ల్యాబ్‌లూ కలిసి 36 మందితో చేసిన ప్రయోగంలో కలలో ఉన్నవాళ్లని లెక్కలు కూడా అడిగారు. ఎనిమిదిలోంచి ఆరు తీస్తే ఎంత అంటే ఒకతను నిద్రలోనే కళ్లు రెండుసార్లు తిప్పి జవాబు చెప్పాడు. మొత్తం 158 సార్లు అడిగితే సరైన జవాబు వచ్చింది సుమారు 18 శాతం సార్లే. కథలో మీ పట్టీ రోజూ పనిచేస్తుందని మాత్రం రాయకండి. చాలా రాత్రులు ఏమీ జరగదు. అదే నిజం.

రుషికొండ_ఈత | ఆదివారం, ఉదయం 7:05

నాకు చిన్నప్పటి నుంచీ ఏ పరికరమూ లేకుండానే ఇలాంటి కలలు వస్తాయి. నెలకి ఒకటో రెండో. వేళ్లు లెక్కపెట్టుకుంటాను, కలలో అయితే ఆరో ఏడో ఉంటాయి. షాపు బోర్డు ఒకసారి చదివి, తల తిప్పి మళ్లీ చదివితే అక్షరాలు మారిపోతాయి. ముక్కు మూసుకుని గాలి పీల్చి చూసినా తెలుస్తుంది, కలలో ఊపిరి ఆడుతూనే ఉంటుంది.

నాకు అన్నిటికన్నా బాగా పట్టుబడే గుర్తు మాత్రం చెట్లు. నేను చదువుకున్నది ఏయూలో, అదే ఆంధ్రా యూనివర్సిటీలో. హుద్‌హుద్‌కి ముందు మా డిపార్ట్‌మెంట్ దారిలో ఎండ నేల మీద పడేది కాదు, అంత నీడ. తుఫాను మర్నాడు వెళ్లి చూస్తే ఆకాశం అంత పెద్దదని అప్పుడే తెలిసింది. ఇప్పటికీ నా కలల్లో ఆ దారి పాత నీడతోనే ఉంటుంది. నీడలో నడుస్తున్నానని గమనించానా, వెంటనే 'అయితే ఇది కల' అని తెలిసిపోతుంది. ఆ క్షణంలో రంగులు ఎంత చిక్కబడతాయో చెప్పలేను. ఒకసారి ఒక చెట్టు వేళ్ల దగ్గర వంగి మట్టి వాసన చూశాను, వాన పడబోయే ముందు వాసన.

ఇక చప్పుడంటారా, బీచ్‌లో మురీ మిక్చర్ బండి చప్పుడు పెట్టండి. డబ్బాలో మరమరాలు, ఉల్లిపాయలు, కారం వేసి గరిటెతో టకటకటకా కలుపుతాడు చూడండి, ఆ చప్పుడు. వైజాగ్‌లో పెరిగిన ఏ మనిషికైనా అది ఎంత నిద్రలో ఉన్నా తెలుస్తుంది. దానికి ముందూ వెనకా భయం అంటూ ఏమీ ఉండదు.

తెన్నేటి_తీరం | ఆదివారం, ఉదయం 8:30

గరిటె చప్పుడు! కథలో రాసేశాను. థాంక్స్ అండీ. మీరు చెప్పిన చెట్ల గుర్తు కూడా నన్ను పట్టుకుంది. ఆమె కలలో చెట్టు పడిపోయి ఉంటుంది, మీ కలలో నిలబడి ఉంటుంది.

బ్రెడ్‌బోర్డ్ గారూ, నుదుటి దగ్గర సన్నగా కరెంటు పంపితే ఇలాంటి కలలు వస్తాయని ఎక్కడో చదివాను. కథలో పెట్టవచ్చా? అలాగే ఏదో మాత్ర ఉందంటారు కదా?

బ్రెడ్‌బోర్డ్ | ఆదివారం, ఉదయం 9:10

కరెంటు వద్దు అక్కా. 2014లోనే జర్మనీలో ఉర్సులా వాస్ బృందం 27 మందికి రెమ్ నిద్రలో నుదుటి మీదుగా చాలా చిన్న కరెంటు పంపారు. 25, 40 హెర్ట్‌జ్ దగ్గర కలలో ఎరుక కొంచెం పెరిగిందని రాశారు. ల్యాబ్‌లో, డాక్టర్ల ఎదుట చేసిన పని అది. ఆ పేపరు చూసి ఇంట్లో తొమ్మిది వోల్టుల బ్యాటరీతో ప్రయోగాలు చేసేవాళ్లు ఉంటారు. మా రూమ్మేట్ ఆన్‌లైన్‌లో ఒక చవక పట్టీ తెప్పించాడు, రెండో రాత్రికే కణత దగ్గర రూపాయి బిళ్లంత మేర చర్మం ఎర్రగా కాలింది. మీ కథ చదివి ఏ పిల్లాడూ వాళ్లమ్మ తలకి కరెంటు పెట్టకూడదు. మీ పట్టీ వినాలి, మెల్లగా పలకాలి. అంతకు మించి ఏమీ చేయకూడదు.

నిద్ర_డ్యూటీ | ఆదివారం, ఉదయం 9:45

డ్యూటీ దిగి టీ తాగుతున్నాను. మాత్ర పేరు గ్యాలంటమైన్. మతిమరుపు జబ్బుకి ఇచ్చే మందు. 2018లో వచ్చిన ఒక అధ్యయనంలో 121 మందికి ఇచ్చి చూశారు. 8 మిల్లీగ్రాములు వేసుకున్న రాత్రి 42 శాతం మందికి లూసిడ్ డ్రీమ్ వచ్చింది, ఉత్తుత్తి మాత్ర వేసుకున్న రాత్రి 14 శాతం మందికి వచ్చింది. ఊరికే మింగి పడుకున్నారనుకునేరు. నాలుగున్నర గంటలు నిద్రపోయి, లేచి, కాసేపు మెలకువగా ఉండి, కలని గుర్తు పట్టాలని మనసులో గట్టిగా అనుకుని మళ్లీ పడుకున్నారు. ఆ మందు గుండె వేగం తగ్గించగలదు. కథలో అమ్మ వయసు ఎంత రాశారో గానీ, బీపీ మాత్రలు వాడే వయసైతే డాక్టరు చెప్పకుండా దాని జోలికే పోకూడదు.

సి_షిఫ్ట్ | ఆదివారం, మధ్యాహ్నం 2:20

ఇప్పుడే లేచాను. స్టీల్ ప్లాంట్‌లో పని, ఈ వారం సి షిఫ్ట్. రాత్రి పదికి ఎక్కితే పొద్దున ఆరుకి దిగుతాం. చెల్లెమ్మా, నేను చెప్పేది కొంచెం భయం కోణం.

మాలాంటోళ్లకి నిద్ర వేళ వారానికోలా మారుతుంది. అలా మారినప్పుడు నాకు ఒకటి వస్తుంది. కళ్లు తెరుచుకుంటాయి, గది కనిపిస్తుంది, ఒళ్లు కదలదు. గుండెల మీద ఎవరో కూర్చున్నట్టు ఉంటుంది. మా అమ్మ దెయ్యం పట్టిందని సింహాచలం తీసుకెళ్లి దణ్ణం పెట్టించింది. తర్వాత డాక్టరు గారు విడమరిచి చెప్పారు. రెమ్ నిద్రలో ఒళ్లు వదిలేసి ఉంటుంది కదా, అది ఇంకా వదలకముందే మెలకువ వచ్చేస్తే ఇలా అవుతుందట. స్లీప్ పెరాలిసిస్ అంటారు. ప్రాణానికేం కాదు, నిమిషం రెండు నిమిషాల్లో దానంతటదే పోతుంది. ఆ మాట తెలిశాక దెయ్యం బరువు సగం తగ్గింది. ఇప్పుడు వస్తే కాలి బొటనవేలు ఒక్కటే కదపడానికి చూస్తూ, ఊపిరి నిదానంగా తీసుకుంటాను.

నేననేది ఏంటంటే, మీ పట్టీ ఆ అమ్మని సగం లేపి వదిలేస్తే ఆవిడకి ఇది కూడా వస్తుంది. పీడకల ఒకవైపు, ఇదొకవైపు. చప్పుడుకి ఆవిడ లేచే సూచన కనిపిస్తే పట్టీ ఊరుకోవాలి, ఆ రాత్రికి ఇంక పలకకూడదు. నిద్ర చాలని మనిషికి నిద్ర విలువ తెలుసు. కల కోసం నిద్ర పాడు చేసుకోమని మీ కథ చెప్పకూడదు.

వాల్తేరు_మాస్టారు | ఆదివారం, సాయంత్రం 5:40

అమ్మా, ఆలస్యంగా చూశాను. రిటైరైన తెలుగు మాస్టారిని. పరికరం సంగతి పిల్లలు చక్కగా చెప్పారు. నేను మాటల సంగతి చెబుతాను.

లూసిడ్ డ్రీమ్ అన్న మాటని వాడుకలోకి తెచ్చింది వాన్ ఈడెన్ అనే డచ్ వైద్యుడు, 1913లో. అంతకు ముందే 1867లో హెర్వే ద సెయింట్ డెనీ అనే ఫ్రెంచి ఆయన తన కలల్ని తానే నడిపించుకున్న తీరు మీద పుస్తకం వేశాడు. మన వైపు చూస్తే మాండూక్య ఉపనిషత్తు ఉంది. పన్నెండే మంత్రాలు. జాగ్రత్ అంటే మెలకువ, స్వప్నం అంటే కల, సుషుప్తి అంటే కలలేని గాఢ నిద్ర, ఆ మూడింటినీ చూస్తూ ఉండే నాలుగోది తురీయం. టిబెట్ బౌద్ధంలో నరోపా అనే గురువు పేరున్న ఆరు యోగాల్లో ఒకటి అచ్చంగా స్వప్న యోగమే. అక్కడి సాధకుడు కలని కలగా గుర్తు పట్టడం నేర్చుకుంటాడు.

తెలుగులో దీన్ని 'ఎరుక కల' అనవచ్చు. ఎరుక మన మాట, పల్లెలో కూడా తెలుస్తుంది. కలపట్టీ అన్న పేరు బాగుంది, కట్టుకునే పట్టీ, కలని పట్టేదీ రెండూ ధ్వనిస్తున్నాయి.

మూడో ప్రశ్నకి నా ఊహ ఇది. ఎరుక వేరు, పెత్తనం వేరు. ఆమె గాలిని ఆపనక్కరలేదు. అది కల అని తెలిసి, కదలకుండా నిలబడి చూస్తే చాలు. చూసేవాడికి భయం అంటదు.

గాజువాక_నాన్న | ఆదివారం, రాత్రి 8:15

మాస్టారూ, పెద్దవారు, ఎదురు చెబుతున్నానని అనుకోకండి. ఊరికే నిలబడి చూడటం ఏంటండీ? నాది రేకుల ఇల్లు అప్పట్లో. రేకులు ఒక్కొక్కటే లేచిపోతుంటే నేనూ మా ఆవిడా పిల్లల్ని మంచం కింద పెట్టి, మంచాన్ని పట్టుకుని కూర్చున్నాం. ఆ రోజంతా చూడటం తప్ప ఏం చేశాం? కరెంటు లేదు, ఫోను లేదు, మా అన్నయ్య బతికున్నాడో లేదో మూడో రోజుకి గానీ తెలియలేదు. ఆ కల నాకొచ్చి, అది కల అని తెలిస్తే నేను ఆ గాలిని పట్టుకుని సముద్రంలోకి విసిరేస్తాను. ఆ అమ్మని గెలవనివ్వండి. నిజంలో ఎలాగూ గెలవలేదు కదా. రచయిత్రి గారు మొదట రాసిందే కరెక్టు.

వాల్తేరు_మాస్టారు | ఆదివారం, రాత్రి 8:50

మీ మాట నన్ను ఆపేసింది నాయనా. మంచాన్ని పట్టుకుని కూర్చున్న మనిషికి 'చూస్తూ ఉండు' అని చెప్పే అర్హత నాకు లేదు. ఆ రోజు నేను హైదరాబాదులో మా అబ్బాయి దగ్గర ఉన్నాను, టీవీలో చూశాను.

నిద్ర_డ్యూటీ | ఆదివారం, రాత్రి 10:30

మళ్లీ డ్యూటీకి వచ్చాను. ఈ వాదన దగ్గర ఒక సంగతి చెప్పాలి, ఇది కథ కాదు, వైద్యంలో ఉన్నదే. పదేపదే వచ్చే పీడకలలకి ఇమేజరీ రిహార్సల్ అనే చికిత్స ఉంది. నిద్రలో ఏమీ చేయరు. పగలు, మెలకువలో, పీడకలని కాగితం మీద రాయిస్తారు. తర్వాత దాన్ని మార్చి రాయమంటారు. ఎలా మార్చాలో చికిత్స చేసేవాళ్లు చెప్పరు, కల ఎవరిదో వాళ్లే మార్చుకోవాలి. ముగింపు మార్చినా సరే, గోడ రంగు మార్చినా సరే. మార్చిన కలని రోజూ పది ఇరవై నిమిషాలు కళ్లు మూసుకుని మనసులో నడిపిస్తారు. కొన్ని వారాలకి చాలామందిలో పీడకల పలచబడుతుంది.

కాబట్టి ఆమె గాలిని ఆపాలా, చూస్తూ నిలబడాలా అని మనం తేల్చడమే సరి కాదేమో. ఒకరికి గెలవాలని ఉంటుంది, ఒకరికి పారిపోవాలని ఉంటుంది. కథలో కొడుకు పట్టీ కట్టే ముందు వాళ్లమ్మని అడగాలి: 'అమ్మా, నీకక్కడ ఏం చేయాలని ఉంది?' పట్టీ చేసేది ఆ చప్పుడు వినిపించడమే. ఏం చేయాలన్నది పగలే ఆమె నోట రావాలి.

రచయిత్రి గారూ, ఇది ఊహించుకుని రాసిన పాత్ర అయితే మీరే ఊహించండి. ఎవరినైనా దగ్గర్నుంచి చూసి రాస్తుంటే మాత్రం, వాళ్లని అడగండి.

తెన్నేటి_తీరం | సోమవారం, ఉదయం 6:20

రాత్రి ఆ చివరి వాక్యం చదివాక నిద్ర పట్టలేదు. చూసే రాస్తున్నాను. ఆమె మా అమ్మ. కథలో కొడుకు అని రాశాను గానీ, కొమ్మల మధ్య ఉన్నది నేను.

గాలి ఆగగానే నేను మెట్లు దిగి కిందికి పరుగెత్తాను. మా అపార్టుమెంటు ముందు పెద్ద బాదం చెట్టు ఉండేది. అది రోడ్డుకి అడ్డంగా పడి ఉంది. ఎప్పుడూ అందని కొమ్మలు అరచేతి ఎత్తులో ఉన్నాయి, వాటి నిండా కాయలు. గౌను ఒడి పట్టి ఏరుకుంటున్నాను. అమ్మ పైన వరండాలోంచి పిలిచిందట, నాకు వినపడలేదు. మూడో అంతస్తు అంకుల్ వచ్చి చెయ్యి పట్టి లాక్కెళ్లాడు. మేం లోపలికి వచ్చిన కాసేపటికే గాలి తిరిగి లేచింది, మెట్ల కిటికీ అద్దాలు పగిలిపోయాయి. నాకు చిన్న గీత కూడా పడలేదు. అమ్మకి మాత్రం ఆ కల ఇంకా వస్తూనే ఉంది. ఇన్నేళ్లలో దీని గురించి మేం ఒక్కసారి కూడా మాట్లాడుకోలేదు. లేచి కూర్చుంటే మంచినీళ్లు ఇస్తాను, పడుకో అంటాను. అంతే.

ఈ రోజు అడుగుతాను.

సి_షిఫ్ట్ | సోమవారం, ఉదయం 7:15

అడుగు చెల్లెమ్మా. ఇప్పుడే బస్సు దిగాను. ఒక్కటే చెబుతాను, ఉదయాన్నే అడగకు. రాత్రి కల గుర్తుండే వేళ అది. మధ్యాహ్నం భోజనాలయ్యాక, చేతిలో ఏదో పని ఉన్నప్పుడు అడిగితే మనసు తేలిగ్గా విప్పుతారు. మా అమ్మ విషయంలో నేను అలాగే చేస్తాను.

తెన్నేటి_తీరం | సోమవారం, రాత్రి 9:00

అన్నయ్య చెప్పినట్టే చేశాను. ఆఫీసుకి సెలవు పెట్టాను. అమ్మ గోరుచిక్కుడు కాయలు వలుస్తోంది, నేనూ పక్కన కూర్చుని ఈనెలు తీశాను. కథ గురించి చెప్పాను, పట్టీ గురించి, కళ్లు కదిపి కబురు పంపడం గురించి చెప్పాను. ఆసక్తిగా వింది. అప్పుడు అడిగాను: 'అది కల అని నీకు తెలిస్తే అక్కడ ఏం చేస్తావమ్మా? గాలిని ఆపేస్తావా?'

చిక్కుడుకాయ విరవడం ఆపి కాసేపు ఆలోచించింది. అమ్మ మాటల్లోనే రాస్తున్నాను:

'గాలిని ఆపడం నా వల్ల అవుతుందని కలలో కూడా నమ్మనే. మెట్లు దిగడం వచ్చు నాకు. ఆ రోజు దిగలేదు, పైనుంచి పిలుస్తూ నిలబడిపోయాను. గ్యాస్ ఆపానో లేదో, తలుపు వేశానో లేదో అని అక్కడే ఉండిపోయాను. నేను దిగుతాను. నీ పక్కన కూర్చుని నాలుగు కాయలు ఏరతాను. తర్వాత ఇద్దరం పైకి వచ్చేస్తాం.'

గాజువాక అన్నయ్యా, మాస్టారూ, మీ ఇద్దరి జవాబూ కాదు. నాదీ కాదు. ఇన్నేళ్లూ ఆమె భయపడుతున్నది గాలికి అనుకున్నాను.

చప్పుడు ఏది పెట్టాలని కూడా అడిగాను. మొదట మా తలుపు గడియ చప్పుడు బాగుంటుందని నేనే అన్నాను. 'వద్దు, అది ఆ రోజు చప్పుడే' అంది వెంటనే. మురీ మిక్చర్ గరిటె అనగానే నవ్వింది. ఆదివారాలు నన్ను ఆర్కే బీచ్‌కి తీసుకెళ్లి, సబ్‌మెరైన్ మ్యూజియం ఎదురుగా గట్టు మీద కూర్చోబెట్టి పొట్లం చేతిలో పెట్టేదట.

నిద్ర_డ్యూటీ | సోమవారం, రాత్రి 10:10

చదివి కాసేపు గీతలు చూడటం మరిచిపోయాను. ఇప్పుడు కథని పక్కన పెట్టి చెబుతున్నాను. అమ్మగారి చేత ఆ మారిన కలని ఒక కాగితం మీద రాయించండి. పగటి పూటే, రోజూ ఒక వేళ పెట్టుకుని పది నిమిషాలు ఊహించుకోమనండి. పాత కలని పదేపదే చెప్పించకండి, కొత్తది చాలు. దానివల్ల కంగారు పెరుగుతుంటే, లేదా నిద్ర మరీ చెడుతుంటే ఆపేసి, నిద్ర సమస్యలు చూసే డాక్టరుకో సైకియాట్రిస్టుకో చూపించండి. కేజీహెచ్‌లో, అదే కింగ్ జార్జ్ ఆసుపత్రిలో, సైకియాట్రీ విభాగం ఉంది, సిగ్గుపడే విషయం కాదు.

బ్రెడ్‌బోర్డ్ | సోమవారం, రాత్రి 10:40

అక్కా, నా పట్టీ మీ ఇంటికి తెద్దామని అనుకున్నాను. సి షిఫ్ట్ అన్నయ్య రాసింది మళ్లీ చదివి మానుకున్నాను. అమ్మగారి నిద్ర మీద నా ప్రయోగం వద్దు. గరిటె చప్పుడు మాత్రం రికార్డు చేసి పంపిస్తాను. రేపు సాయంత్రం బీచ్ రోడ్డుకి వెళ్తాను. సముద్రం హోరు ఎక్కువ పడకుండా మైకు డబ్బాకి దగ్గరగా పెట్టాలి. పగలు ఊహించుకునేటప్పుడు అమ్మగారు వినొచ్చు కదా!

గాజువాక_నాన్న | మంగళవారం, ఉదయం 6:50

అమ్మా, నేను ఇంకా గాలిని సముద్రంలోకి విసిరేస్తాననే అంటాను, నా కలలో. మీ అమ్మగారి కలలో మాత్రం మెట్లు దిగనివ్వండి. మా ఆవిడకి చదివి వినిపించాను. ఆవిడ కూడా కలలో ఆ మంచమే పట్టుకుంటుందని రాత్రే నాకు తెలిసింది.

తెన్నేటి_తీరం | శుక్రవారం, రాత్రి 9:30

కథలో ఆ ఘట్టం మార్చి రాశాను. కొడుకుని కూతురిని చేశాను. ఇంకా చెక్కాలి గానీ మీరందరూ చూడాలని పెడుతున్నాను.

"తెల్లవారుజాము నాలుగు దాటింది. పట్టీ అంతసేపూ ఊరికే వింది. రెప్పల కింద కళ్లు కదిలాయి. పట్టీ ఒకసారి పలికింది, ఊపిరి కన్నా కొంచెం గట్టిగా. వరండాలో నిలబడ్డ ఆమెకి ఎక్కడో టకటకటకా అని గరిటె చప్పుడు వినిపించింది. ఇంత తుఫానులో మిక్చర్ బండి ఎవరు పెట్టారు? వీధి చివర దాకా చూసింది. బండి లేదు. పిట్ట లేదు, ఆకు కదలడం లేదు. అప్పుడు తెలిసింది. గ్యాస్ ఆపలేదని గుర్తొచ్చింది, పోనీలే అనుకుంది. తలుపు బార్లా తెరిచి వదిలేసింది. మెట్లు లెక్కపెడుతూ దిగింది, ఇరవై రెండు. పడిపోయిన చెట్టు దగ్గర పిల్ల ఒడి నిండా కాయలతో వంగి ఉంది. పక్కన కూర్చుని చెయ్యి చాపింది. కాయ పచ్చిగా, చల్లగా, ఇంకా తడిగా ఉంది.

పక్క గదిలో తెర మీద గీత ఎడమకి ఒకసారి, కుడికి ఒకసారి లేచింది."

అమ్మ నాలుగు రోజులుగా మధ్యాహ్నం పది నిమిషాలు కళ్లు మూసుకుని కూర్చుంటోంది. తమ్ముడు పంపిన చప్పుడు పెట్టుకుంటోంది. కల ఇంకా ఆగలేదు, బుధవారం రాత్రి వచ్చింది. అయితే ఈసారి లేచాక నీళ్లు అడగలేదు. 'మెట్ల దాకా వచ్చానే' అంది.

సి_షిఫ్ట్ | శనివారం, ఉదయం 6:45

మెట్ల దాకా వచ్చారా! అమ్మగారికి నా నమస్కారం చెప్పు చెల్లెమ్మా. వచ్చే వారం నాకు ఎ షిఫ్ట్, రాత్రుళ్లు ఇంట్లోనే ఉంటాను. తర్వాత ఏమైందో రాయి.